లయ నుండి లయమునకు



గోదావరిఖనిలో పుట్టి పెరిగినవానికి నిశ్శబ్దముతో పరిచయము తక్కువ. తెల్లవారకమునుపే మొదటి షిఫ్టునకు కూసెడి సైరనుతో లేచి, బొగ్గు లారీల రొద నడుమ బడికి నడచి, మధ్యాహ్నము ఓపెన్‌కాస్టు గనిలో బ్లాస్టింగు జరిగినపుడు కిటికీ రెక్కలు గడగడ వణకుచుండగా అన్నము తిని, రాత్రి రెండవ షిఫ్టు దిగి వచ్చువారి బండ్ల చప్పుడును, దూరమున రామగుండము స్టేషను మీదుగా పోవు గూడ్సుబండి కూతను వినుచు నిద్రించెడి బాలునకు ధ్వని యనునది గాలివంటిది, నీటివంటిది. అది లేని చోటు ఒకటి యుండునని అతనికి తోచనే తోచదు. ఈ చప్పుళ్లన్నిటికి అడుగున, అన్నిటిని మోయుచున్నట్లుగా, భూగర్భ గనికి గాలి నందించెడి పెద్ద ఫ్యాను యొక్క హోరు రేయింబవళ్లు సాగుచుండును. ఆ హోరును ఎవరును పనిగట్టుకొని వినరు. వినుటకు అందులో ఎత్తుపల్లములు లేవు, మొదలు లేదు, తుది లేదు. కాని ఆ ఫ్యాను ఒక్కసారి ఆగెనా, బొగ్గుబాయి పని ఎరిగిన ప్రతివాని చెవియు నిక్కబొడుచుకొనును. ఏలయన, గాలి ఆగినచో లోపలి మనుష్యులను వెలుపలికి రప్పింపవలెనని గనుల నిబంధన.

ఈ ఫ్యాను హోరును మనస్సున నుంచుకొని నేటి ప్రసంగమును వినవలెనని నా ప్రార్థన. నేను చెప్పబోవునది ఒక వృత్తి మార్పును గూర్చి. వాద్యబృందమున డ్రమ్ములు వాయించి పేరు సంపాదించినవాడు, కర్రలను ప్రక్కన బెట్టి, మీటలును తీగలును గల ఎలక్ట్రానిక్ యంత్రముల యొద్దకు పోవుటయు, అంతటితో ఆగక, పాశ్చాత్యులు 'యాంబియెంట్' అని పిలిచెడి, దరువు లేక గదిలోని వెలుతురువలె చుట్టును వ్యాపించియుండెడి ఒకానొక పరిసర సంగీతమున స్థిరపడుటయు గత యేబది యేండ్లుగా అనేక దేశములలో జరుగుచున్నది. దుక్కి మానిన రైతును చూచినట్లు అట్టివానిని లోకులు జాలిగానో, కినుకగానో చూతురు. చేతిలో అంత దరువు పెట్టుకొని, దరువు లేని పాటకు పోనేల యని వారి ప్రశ్న. ఆ ప్రశ్నకు సమాధానము మన భాషలోనే, మన శాస్త్రములోనే, మరి కొంత మన బొగ్గుబాయిలోనే యున్నదని నా తలంపు.

'లయ' యను మాటను మనము నిత్యము వాడుదుము గాని నిలిచి చూడము. పాటగానికి లయ యనగా నడక, వేగము, దరువు యొక్క క్రమము. పురాణము చెప్పువానికి ఆ మాటయే సృష్టి స్థితి లయములలో కడపటిది. ఒకటి వేరొకదానిలో కరగి కలసిపోవుట. ఒకే ధాతువు నుండి పుట్టిన ఈ రెండర్థములు పైకి చూచుటకు పొసగనివిగా దోచును. ఒకటి కొలత, వేరొకటి కొలతకు అందక పోవుట. 13వ శతాబ్దమున దేవగిరి యాదవరాజు సింఘణుని ఆస్థానమున నుండి 'సంగీత రత్నాకరము'ను రచించిన శార్ఙ్గదేవుడు ఈ చిక్కును చక్కగా విప్పెను. ఒక క్రియ ముగిసిన పిదప గల విశ్రాంతియే లయ యని ఆయన నిర్వచించెను. అనగా మద్దెలపై పడిన దెబ్బకు లయ యని పేరు లేదు. రెండు దెబ్బల నడుమ చేయి గాలిలో నిలిచిన ఆ కాలమునకే ఆ పేరు. తాళమునకు పది ప్రాణములను చెప్పిన మన శాస్త్రకారులు, అందు క్రియను సశబ్దమనియు నిశ్శబ్దమనియు రెండు విధములుగా విభజించి, చప్పుడు చేయని చేతి కదలికలకు కూడ ఆవాపము, నిష్క్రామము, విక్షేపము, ప్రవేశము అని నాలుగు పేర్లు పెట్టిరి. చప్పుడు లేని పనికి నాలుగు పేర్లు పెట్టినవారు, తాళగానికి మౌనమెంత యవసరమో ఎరుగనివారు కారు.

ఇక మన తెలుగునాట ఈ మార్పునకు మిక్కిలి చేరువైన ఉదాహరణము చలనచిత్ర సంగీతమున కనబడును. నేడు తమన్ అను పేరుతో ప్రసిద్ధుడైన ఘంటసాల సాయి శ్రీనివాసుని తాతగారు ఘంటసాల బలరామయ్యగారు. 1944లో 'శ్రీ సీతారామ జననము' తీసి అక్కినేని నాగేశ్వరరావుగారిని కథానాయకునిగా నిలిపినవారు, 1948లో 'బాలరాజు' తీసినవారు. తండ్రి శివకుమార్‌గారు డ్రమ్ములు వాయించెడివారు. సంగీత దర్శకుడు చక్రవర్తిగారి వద్ద వందలాది చిత్రములకు పని చేసిరి. ఆ యింట పుట్టిన బాలుడు పండ్రెండేండ్లయినను నిండకమునుపే, 1994లో విడుదలయిన 'భైరవద్వీపము' చిత్రమునకు దరువు వాయించెను. 2003లో శంకర్ తీసిన 'బాయ్స్' చిత్రమున ఒక వాద్యబృందపు కుఱ్ఱలలో ఒకనిగా తెరమీద కనబడినపుడును, ఆ పాత్ర చేతిలో ఉన్నవి డ్రమ్ము కర్రలే. అటుపిమ్మట సంగీత దర్శకుడు మణిశర్మగారి వద్ద కీబోర్డుల యొద్ద కూర్చుండి, చేతితో కొట్టెడి దరువును యంత్రములో అమర్చెడి విద్యను అభ్యసించెను. దానిని ఆ వృత్తిలోనివారు 'ప్రోగ్రామింగు' అందురు. 2009లో 'కిక్' చిత్రము రాగా తెలుగుదేశమెల్ల ఆయన పేరు వినెను. 2020లో వచ్చిన 'అల వైకుంఠపురములో' చిత్రపు పాటలకు 68వ జాతీయ చలనచిత్ర పురస్కారములలో ఉత్తమ సంగీత దర్శకుని బహుమానము లభించెను.

ఇది డ్రమ్ముల నుండి యంత్రమునకు జరిగిన ప్రయాణమే గాని, యంత్రము నుండి పరిసర సంగీతమునకు జరిగినది కాదుగదా యని శ్రోతలు అడుగవచ్చును. ఆ ఆక్షేపణ న్యాయమైనదే. తమన్ గారి పాటలు దరువుతో నిండినవి; పెండ్లి ఊరేగింపులలో వాటికి ఎగురని కాలు లేదు. అయినను చలనచిత్రమున పాట గాక వేరొక సంగీతము గలదు. దానికి మనవారు పెట్టిన పేరు 'నేపథ్య సంగీతము'. కథానాయకుడు ఒంటరిగా వీథి వెంట నడచుచుండగా, ఏ వాద్యమో గుర్తింపరాని ఒక నాదము అడుగున ప్రవహించుచు, మనకు తెలియకయే మన గుండెను బరువెక్కించును. చూచువాడు దానిని ప్రత్యేకించి వినినచో ఆ సంగీతము విఫలమైనట్లే. తీసివేసినచో ఆ దృశ్యము చచ్చును. తెలుగు ప్రేక్షకుడు పరిసర సంగీతమును మొట్టమొదట వినినది కచేరీలో కాదు, సినిమా హాలులో. మన తాళగాడు దానిని మొట్టమొదట అభ్యసించినదియు నేపథ్య సంగీతమును కూర్చెడి రీరికార్డింగు గదిలోనే.

ఈ మార్పు ఒక్క మనుష్యుని యభిరుచి వలన కలిగినది కాదు. ఒకప్పుడు మద్రాసు రికార్డింగు థియేటరులలో వయొలిన్లు వరుసలు తీరి కూర్చుండగా, తబలా, ఢోలక్, డ్రమ్ములు ఒక ప్రక్కను, వేణువు, సితారు వేరొక ప్రక్కను నిలిచి, పాట యంతయు ఒక్క పెట్టున వాయింపవలసి యుండెను. ఒకడు తప్పినచో అందరును మొదటికి రావలసినదే. 1980లో జపానుదేశపు రోలాండు సంస్థ 'టీఆర్-808' అను దరువు యంత్రమును విడుదల చేసెను. 1983లో వేర్వేరు కంపెనీల వాద్యయంత్రములు ఒకదానితో నొకటి మాటలాడుకొనుటకు వీలుగా 'మిడి' యను ఉమ్మడి సంకేత పద్ధతి యేర్పడెను. ఆ రెండింటి తరువాత ఒక గదిలో ఒక మనుష్యుడు కూర్చుండి మేళమునంతయు నడుపుట సాధ్యమయ్యెను. రాజ్-కోటి వంటి మన సంగీత దర్శకుల కాలమున ఆ కొత్త ధ్వనులు తెలుగు పాటలోనికి ధారాళముగా ప్రవేశించెను.

ఈ కథను మా బొగ్గుసీమవారు వేరొక పేరుతో ముందే ఎరుగుదురు. తట్టా చెమ్మసు పట్టి, బొగ్గును నింపి, మోసి, టబ్బులోనికి ఎత్తిపోసెడి కోల్ ఫిల్లర్లు ఒకప్పుడు గనికి ప్రాణము. వారి చేతులకు ఒక తాళముండెను. చెమ్మసు బొగ్గులో దిగిన చప్పుడు, తట్ట నిండిన చప్పుడు, టబ్బులో కుమ్మరించిన చప్పుడు. క్రమముగా ఆ పనికి లోడరు యంత్రములు వచ్చెను, ఓపెన్‌కాస్టులు వచ్చెను, 2014లో అడ్రియాల లాంగ్‌వాల్ గని వచ్చెను. 1990 ప్రాంతమున లక్షకు పైబడి యుండిన సింగరేణి బొగ్గుగనుల సంస్థ కార్మికుల సంఖ్య నేడు 40 వేల దరిదాపులకు దిగినది. తట్ట దించినవారిలో కొందరు యంత్రము నడుపుటకు నేర్చిరి. తక్కినవారు ఇంటికి వెళ్లిరి. మద్రాసు వయొలిన్ వరుసలలో కూర్చుండినవారి గతియు అట్టిదే. కావున యంత్రమును పొగడునపుడు, అది ఎవరి తట్టను దింపినదో మరువరాదు.

మా ఊరి పెండ్లి మేళములలోను ఇదే పరిణామము చూడవచ్చును. ఎడమ భుజమునకు తగిలించుకొని, కుడిచేత చిర్రయు ఎడమచేత సిటికెన పుల్లయు పట్టి కొట్టెడి డప్పు ఈ నేలకు ఆదివాద్యము. మంట యొద్ద కాచి చర్మమును బిగించుకొనెడి ఆ వాద్యమునకు శ్రుతి చేయువాడు నిప్పే. దాని వెంట బీరప్ప కథకు, మల్లన్న కథకు మ్రోగెడి ఒగ్గుడోలు గలదు. తరువాత ఇత్తడి బూరలతో బ్యాండుమేళములు వచ్చెను. ఆ తరువాత ఎనిమిది గళ్ల ప్యాడు వచ్చెను. ఆ ప్యాడుమీద కుఱ్ఱవాడు పుల్లతో తట్టగా ఒక గడిలో డప్పు, ఒక గడిలో ఢోలక్, ఒక గడిలో గాజు పగిలిన ధ్వని పలుకును. కాచవలసిన పని లేదు, వానకు జారదు, భుజము నొవ్వదు. కాని తోలు మీద దెబ్బ పడినపుడు చేతికి తిరిగి వచ్చెడి ఆ జవాబు అందులో రాదని, రెండును వాయించినవారు చెప్పుదురు.

ఇపుడు ఈ మార్పును కడముట్ట నడిపినవారి నిద్దరిని గూర్చి చెప్పెదను. వారు మనవారు కారు గాని, వారిలో ఒకని ఊరు మన ఊరి వంటిది. ఇంగ్లండులోని బర్మింగ్‌హామ్ ఇనుప పనులకు పెట్టినది పేరు; దాని ప్రక్క సీమ బొగ్గుగనులతోను కొలుములతోను మసిబారి 'నల్లదేశము' అను పేరునే ధరించినది. ఆ నగరపు 'నపామ్ డెత్' అను బృందమున మిక్ హారిస్ అను యువకుడు డ్రమ్ములు వాయించెను. వేగమునకు అతడు పెట్టినది పేరు. కాళ్లును చేతులును ఏకమై, దెబ్బకు దెబ్బకు నడుమ సందు లేకుండ కొట్టెడి ఒక వాయింపునకు 'బ్లాస్ట్ బీట్' అను పేరును వాడుకలోనికి తెచ్చినవాడు అతడే. బ్లాస్టింగు నెరిగిన మన ప్రాంతమువారికి ఆ పేరు బోధపరుపనక్కరలేదు. 1987లో వెలువడిన వారి 'స్కమ్' అను సంపుటిలో ఒక పాట సుమారు ఒక సెకను మాత్రమే యుండును. ప్రపంచములోకెల్ల పొట్టి పాటగా అది గిన్నిస్ పుస్తకమున కెక్కినది.

ఒక సెకనులో పాటను ముగించిన ఆ చేయి, 1991లో ఆ బృందమును విడిచి, 'స్కార్న్' అను పేరుతో యంత్రముల సాయమున నెమ్మదియైన, బరువైన, చీకటివంటి దరువులను కట్టుటకు మొదలిడెను. అంతటితో తృప్తి లేక, 'లల్' అను వేరొక పేరు పెట్టుకొని, దరువే లేని దీర్ఘనాదములను రచించెను. ఆ ఆంగ్లపదమునకు సద్దుమణుగుట యని అర్థము. పిల్లలను జోకొట్టుటకును ఆ మాటయే వాడుదురు. వేగము యొక్క కొనను చూచినవాడే వేగము లేని చోటును వెదకుకొని పోయెను. దెబ్బకు దెబ్బకు నడుమ సందు లేకుండ వాయించినవానికి, ఆ సందు ఎంత విలువైనదో తక్కినవారికంటె ముందుగా తెలియుటలో వింత యేమున్నది?

రెండవవాడు జర్మనీ దేశస్థుడు, బెర్లిను నగరమున 1947లో పుట్టిన క్లౌస్ షుల్జె. 'టాంజెరిన్ డ్రీమ్' అను బృందమువారి మొదటి సంపుటి 1970లో వెలువడినపుడు డ్రమ్ములు వాయించినవాడు ఇతడు. అక్కడినుండి 'ఆష్ రా టెంపెల్' అను బృందమునకు పోయి, 1971లో వారి మొదటి సంపుటికిని డ్రమ్ములు వాయించి, పిమ్మట క్రమముగా కర్రలను వదలెను. 1972లో వచ్చిన అతని తొలి స్వంత సంపుటి 'ఇర్‌లిఖ్ట్' చేయునాటికి అతని చేతిలో సింథసైజరు కూడ లేదు. మార్పులు చేసిన ఒక ఎలక్ట్రిక్ ఆర్గన్, చెడిపోయిన ఒక యాంప్లిఫయరు, ఒక వాద్యగోష్ఠి వాయించినదానిని టేపుపై వెనుకనుండి ముందునకు త్రిప్పగా వచ్చిన ధ్వని; ఇవియే అతని సామగ్రి. లేమి వలన పుట్టిన ఆ నేర్పు మన ఊరి మెకానిక్కులకు కొత్త కాదు. 1975లో వచ్చిన 'టైమ్‌విండ్' అను సంపుటియందు, ప్రక్క కొకటి చొప్పున, రెండే రచనలు గలవు. ఒక్కొక్కటి ఇంచుమించు అరగంట. ఫ్రాన్సులో ఆ సంపుటికి చార్లెస్ క్రో అకాడెమీ వారి మహాపురస్కారము లభించెను. 2022లో కన్నుమూయువరకు అతడు ఆ మార్గమును వదలలేదు.

ఇచట గమనింపదగిన విశేషమొకటి గలదు. 1976లో 'మూన్‌డాన్' అను సంపుటిని చేయునపుడు, తానే డ్రమ్ములు వాయింపగలిగియు, షుల్జె హరాల్డ్ గ్రోస్కాఫ్ అను వేరొక తాళగానిని పిలిపించుకొనెను. ఆ గ్రోస్కాఫ్ నాలుగేండ్లకు, అనగా 1980లో, 'సింథసిస్ట్' అను పేరుతో తన స్వంత ఎలక్ట్రానిక్ సంపుటిని వెలువరించెను. డ్రమ్ములు వదలినవాని యొద్దకు డ్రమ్ములు వాయించుటకు వచ్చినవాడు, తానును యంత్రముల దారి పట్టెను. ఈ దారి అంటువ్యాధి వంటిదని పరిహాసమునకు అనవచ్చును గాని, నిజమునకు ఇందులో ఒక న్యాయమున్నది. షుల్జె రచనలలో ఒకే స్వరమాల యంత్రములో మరల మరల తిరుగుచుండును. దానిని 'సీక్వెన్సరు' నడుపును. ఆ పునరావృత్తిని విసుగు పుట్టకుండ అరగంట సాగింపవలెనన్న, ఎక్కడ ఒక్క స్వరమును జార్చవలెనో, ఎక్కడ రెండవ పొరను కలుపవలెనో, ఎంతసేపు ఏమియు చేయక చేతులు కట్టుకొని కూర్చుండవలెనో తెలియవలెను. ఆ కాలజ్ఞానము తాళగానికి అన్నముతో పెట్టిన విద్య.

యాంబియెంట్ అను పేరును ఈ సంగీతమునకు స్థిరపరచినవాడు ఇంగ్లండువాడైన బ్రయన్ ఈనో. 1975లో ప్రమాదవశమున మంచము పట్టిన అతనికి, చూడవచ్చిన స్నేహితురాలొకతె ఒక హార్పు వాద్యపు రికార్డును ఇచ్చి వెళ్లెను. లేవలేక లేచి దానిని పెట్టి, మరల పండుకొనిన పిమ్మట, ధ్వని మిక్కిలి తగ్గించియున్నదనియు, ఒక వైపు స్పీకరు పలుకుట లేదనియు అతడు గ్రహించెను. మరల లేచి సరిదిద్దుటకు ఓపిక లేదు. బయట వాన. ఆ వానలో తంత్రీనాదము అపుడపుడు తేలుచు, అపుడపుడు మునుగుచు వినబడెను. సంగీతము గదిలోని ఒక వస్తువువలె, వెలుతురువలె ఉండవచ్చునని అతనికి అపుడు తోచెనట. 1978లో 'విమానాశ్రయములకు సంగీతము' అను అర్థము వచ్చు పేరుతో అతడు వెలువరించిన సంపుటి ఈ మార్గమునకు నామకరణ మహోత్సవము. శ్రద్ధగా వినువానికి రుచింపవలెను, విననివానికి అడ్డు రాకుండవలెను అని అతడు నియమము పెట్టెను.

పాశ్చాత్యునకు ప్రమాదము వలన మంచము పట్టినపుడు తోచిన ఈ సంగతి, మన కచేరీ వేదికమీద గాయకుని వెనుక తంబుర పట్టుకొని కూర్చుండెడి శిష్యునకు ఏనాడో తెలియును. తంబురకు రాగము లేదు, తాళము లేదు. దానిని విని చప్పట్లు కొట్టినవాడును లేడు. అది ఆగినచో మాత్రము పాట కాళ్లక్రింది నేల జారిపోవును. శ్రుతి తల్లి, లయ తండ్రి యని మనవారు చెప్పుదురు. ఆ మాటను బట్టి చూడగా, డ్రమ్ములను విడిచి దీర్ఘనాదమున స్థిరపడినవాడు ఇల్లు విడిచి పరారియైనవాడు కాడు; తండ్రి గదిలోనుండి తల్లి గదిలోనికి పోయినవాడు. యంత్రనాదము కూడ మన దేశమునకు నిన్న మొన్న వచ్చినది కాదు. 1969లోనే అహమ్మదాబాదులోని జాతీయ డిజైన్ సంస్థయందు, అమెరికా దేశపు డేవిడ్ ట్యూడర్ సాయముతో, మూగ్ సింథసైజరు గల ఒక ఎలక్ట్రానిక్ ధ్వనిశాల నెలకొల్పబడెను. గీతా సారాభాయి మొదలగువారు అందు ప్రయోగములు చేసిరి. ఆ టేపులు దశాబ్దములపాటు మూలబడి, ఇటీవలనే లోకము చెవిన బడినవి.

ఇక బొగ్గుబాయి చెప్పెడి సమాధానమునకు వచ్చెదను. గనిలో బ్లాస్టింగు జరిగిన పిదప, పనివారిని పంపుటకు ముందు, భద్రత చూచెడి సర్దారు లోనికి పోయి చేతనున్న కర్రతో పైకప్పును తట్టి చూచును. కప్పు గట్టిదైనచో ఖణ్ మని పలుకును. లోపల పొర వీడియున్నచో ఆ పలుకు బోలుగా, పగిలిన కుండ పలుకువలె నుండును. ఆంగ్ల దేశపు గనివారు అట్టి కప్పును డ్రమ్ముతో పోల్చి చెప్పుదురు. సర్దారు తట్టునది ఒక్క క్షణము, వినునది అంతకు ఎన్నో రెట్లు. ఆ దెబ్బ అతనికి ప్రధానము కాదు. దెబ్బ తరువాత రాయి ఇచ్చెడి జవాబు ప్రధానము. ఆ జవాబుమీద పదిమంది ప్రాణములు ఆధారపడి యుండును. శార్ఙ్గదేవుడు గ్రంథమున వ్రాసిన ఆ విశ్రాంతిని, మా సర్దారు చీకటిలో చెవితో కొలుచును.

తాళగాడు నేర్చెడి విద్యయు తుదకు ఇదియే యని నాకు తోచుచున్నది. మొదటి పదియేండ్లు కొట్టుట నేర్చును. తరువాతి పదియేండ్లు కొట్టిన పిదప వినుట నేర్చును. ఆ పిమ్మట కొందరికి కొట్టుటకంటె వినుటయే రుచించును. అట్టివాడు యంత్రము ముందు కూర్చుండినపుడు అతని సంగీతము నిలువ నేర్చినదై యుండును. కొట్టుట నేర్వకయే, వినుట నేర్వకయే, యంత్రమును కొనుక్కొని మొదలుపెట్టినవాని నాదము మాత్రము, ఎంత దీర్ఘమైనను, మరచి కట్టక వదలిన మోటారు చప్పుడే. నేడు మన ఊరేగింపులలో గుండె లదరునట్లు మ్రోగెడి డీజే పెట్టెలను విన్నవారికి నేను చెప్పునది వెంటనే బోధపడును. లోపము యంత్రమునది కాదు. దాని వెనుక చెవి లేదు. కావున ఈ మార్పును గూర్చి నా తీర్పు ఇది: దరువు నెరిగి దరువును వదలినవాడు లయను పోగొట్టుకొనలేదు, దాని రెండవ యర్థమున ప్రవేశించెను, దరువు నెరుగక దరువు లేని సంగీతము చేయువానికి ఆ రెండర్థములును దక్కవు.

చివరగా మా ప్రాంతపు యువకులకు ఒక మనవి. పెండ్లి బ్యాండులలో, కళాబృందములలో, కాలేజీ వేదికలమీద డప్పును ప్యాడును వాయించు మీలో, ఇంటివద్ద కంప్యూటరుపై ధ్వనులు పేర్చి చూచువారు కొందరు ఉండకపోరు. మీరు కూర్చు నాదములకై ఇతర దేశములనుండి అమ్మకమునకు వచ్చు శబ్దములను వెదకనక్కరలేదు. 2011లో ప్రత్యేక తెలంగాణకై జరిగిన సకల జనుల సమ్మెలో గని కార్మికులు పనిలోనికి దిగనప్పుడు ఈ సీమ ఎట్లు నిశ్శబ్దమయ్యెనో మీ తల్లిదండ్రుల నడుగుడు. ఏ చప్పుడు ఎంత లోతున మనలో నాటుకొనియున్నదో వారు చెప్పుదురు. భూగర్భ గనులు ఒకదాని వెంట నొకటి మూతబడుచున్నవి. వాటితోపాటు ఫ్యాను హోరును, కప్పుమీద కర్ర పలుకును, టబ్బుల గొలుసుల చప్పుడును, మొదటి షిఫ్టు సైరనును పోవును. కాగితము మీద వ్రాసియుంచుటకు అవి మాటలు కావు. మీ జేబులోని ఫోనున్నది, మీ తండ్రుల జ్ఞాపకమున్నది, మీ చేతిలో దరువున్నది. అనుమతి పొంది, ఆ శబ్దములను ముందు పదిలపరచుడు. సంగీతము చేయుట తరువాత చూచుకొనవచ్చును.